రౌటరు అమరికకు నకలు

కళాశాల కంప్యూటర్లను బయటి ప్రపంచముతో కలుపునది రౌటరు. ఉపకారవేతనముల దరఖాస్తు గడువునాడు అది మూగవోయినచో విద్యార్థుల పాట్లు చెప్పనలవి కాదు.

సిస్కో రౌటరునే తీసుకొందాము. నడుస్తున్న అమరిక ర్యామ్‌లో ఉండును. విద్యుత్తు పోగానే అదియు పోవును. ప్రారంభపు అమరిక ఎన్‌వీర్యామ్‌లో నిలిచియుండును. మార్పు చేసి, మొదటిదానిని రెండవదానిలోనికి నకలు చేయనిచో, కరెంటు పోయివచ్చుసరికి (ఇది మనకు కొత్త కాదు!) ఆ శ్రమయంతయు వృథా. రౌటరే చెడినచో రెండును దక్కవు. కావున మరియొక నకలు వేరే కంప్యూటరులో ఉండవలెను. పంపుటకు టీఎఫ్‌టీపీ సులభమే గాని అది సంకేతపదమడుగదు, పంపునదానిని మరుగుపరచదు. ఎస్‌సీపీయే మేలని మా అభిప్రాయము.

అసలు చిక్కు పునరుద్ధరణలో గలదు. దాచిన నకలును నడుస్తున్న అమరికపైకి 'కాపీ' చేసినచో అది ఉన్నదానిని తుడిచివేయదు, దానితో కలిసిపోవును. పొరపాటున చేర్చిన పంక్తి, నకలులో లేనంతమాత్రమున తొలగిపోదు. పూర్తిగా మార్చుటకు 'కాన్ఫిగర్ రీప్లేస్' అను ఆజ్ఞ వేరుగా గలదు.

దూరమునుండి పనిచేయువారు మార్పునకు ముందే 'రీలోడ్ ఇన్ 10' అని ఆజ్ఞ ఇచ్చుట మంచిది. నడుమ సంబంధము తెగినను, 10 నిమిషములకు రౌటరు తిరిగి మొదలై, భద్రపరచిన పూర్వపు అమరికనే చేపట్టును. అంతయు సవ్యముగానున్నచో 'రీలోడ్ క్యాన్సిల్'. ఆ తరువాతనే భద్రపరచవలెను.