మందులను తూచువారు

ఒక మందు రోగమును కుదుర్చునా లేదా యని చెప్పువాడు వైద్యుడు. అది శుద్ధమైనదా, కల్తీదా యని తేల్చువాడు రసాయనిక పరీక్షకుడు. ఈ యిరువురును తమ మాట చెప్పిన పిదప గూడ మూడవ ప్రశ్న యొకటి మిగిలియుండును. ఆ మందు చేయు మేలు దానికై వెచ్చించు ధనమునకు తగియున్నదా? ఈ ప్రశ్నకు సమాధానము వెదకుటయే వృత్తిగా గలవారు నేడు పెక్కు దేశములలో నున్నారు. మన దేశమునను ఉన్నారు. వారి పని యెట్టిదో గ్రామములలోని పెద్దలకు మనవి చేయుటయే ఈ ప్రసంగముయొక్క ఉద్దేశము.

ప్రాణమునకు వెల కట్టుట తగునా యని కొందఱు ఆక్షేపింపవచ్చును. ఆక్షేపణ సహజమే. కాని చెఱువు క్రింద సేద్యము చేయువారికి ఇందలి మర్మము సులభముగా బోధపడును. చెఱువులోని నీరు పరిమితము. తూము దగ్గఱ పొలమునకు మఱియొక తడి పెట్టినచో, ఆయకట్టు చివరి పొలమునకు ఒక్క తడియు అందకపోవచ్చును. ఆ యదనపు తడివలన మొదటి పొలమునకు కొంత మేలు కలుగుట నిజమే. కాని దాని యసలు వెల నీటితీరువలో కనబడదు. చివరి పొలములో ఎండిన పైరునందు కనబడును. ప్రభుత్వముయొక్క వైద్యనిధియు నట్టి చెఱువే. ఒక మందుపై వెచ్చించిన రూపాయి మఱియొక రోగికి అందదు. తూము దగ్గఱ నిలిచి యడుగువాడు మన కంటికి కనబడును. చివర నున్నవాడు కనబడడు. ఆ కనబడనివానిని గూడ లెక్కలోనికి తెచ్చుట ఈ వృత్తియొక్క ప్రథమధర్మము.

ఈ పద్ధతిని ముందుగా నిర్బంధము చేసిన దేశము ఆస్ట్రేలియా. ప్రభుత్వ సహాయధనముతో తమ క్రొత్తమందు ప్రజలకు అందవలెనని కోరు కంపెనీలు, ఖర్చుకు తగిన మేలు కలదను నిదర్శనమును గూడ సమర్పింపవలెనని 1993 లో అచట నియమము వచ్చెను. 1999 లో ఇంగ్లండునందు ‘నైస్’ అను పొట్టిపేరు గల సంస్థ యేర్పడెను. 2007 లో థాయిలాండునందు ‘హైటాప్’ అను సంస్థ వెలసెను. మన దేశమున కేంద్ర ఆరోగ్య పరిశోధనా విభాగము క్రింద 2017 లో ఇట్టి పరిశీలనకు ఒక వ్యవస్థ నెలకొల్పబడెను. 2007 లో ఆంధ్రప్రదేశమున ఆరోగ్యశ్రీ ప్రారంభమైనది మొదలు పేదల పెద్దచికిత్సలకు ప్రభుత్వ ధనము వెచ్చింపబడుచున్నది. కావున ఈ తూనిక మనకు దూరపు విషయము కాదు.

ఇఁక తూచు విధానము. వైద్యుడు, అర్థశాస్త్రజ్ఞుడు, గణాంకశాస్త్రజ్ఞుడు సాధారణముగా కలిసి ఈ పనిచేయుదురు. వారు మొట్టమొదట వేసికొను ప్రశ్న, “దేనితో పోల్చి?” అనునది. ఏ మందును ఒంటరిగా తూచరాదు. నేడు వాడుకలోనున్న మందుతోగాని, ఏ మందును వాడకుండుటతోగాని పోల్చి చూడవలెను. త్రాసునందు ఒక తట్టలో ఖర్చు నుంచుదురు. ఖర్చనగా మందువెల మాత్రమే యని తలంపరాదు. పరీక్షలు, ఆసుపత్రిలో నుండుట, మందువలన వికారము పుట్టినచో దానికి చేయు చికిత్స, ఒక్కొక్కచో రోగియు తోడువచ్చినవారును పోగొట్టుకొన్న కూలి, ప్రయాణపు కిరాయి సైతము అందు చేరును. సీసా వెల స్వల్పమైనను, దానికై మాటిమాటికి పట్టణమునకు పోవలసివచ్చినచో ఆ మందు చౌక కాదు.

రెండవ తట్టలో మేలు నుంచవలెను. మేలును కొలుచుటకు ఆయువును లెక్కించిన చాలదు. పదియేండ్లు మంచముపట్టి బాధపడుచు బ్రతుకుట వేఱు. పదియేండ్లు పొలమునకు పోయివచ్చుచు బ్రతుకుట వేఱు. కావున సంపూర్ణారోగ్యముతో గడచిన యొక సంవత్సరమును ఒకటిగాను, మరణమును సున్నగాను ఉంచి, నడిమి స్థితులకు భిన్నములు కట్టుదురు. నడక, స్నానాదులు స్వయముగా చేసికొనుట, నిత్యకృత్యములు, నొప్పి, మనోవ్యాకులత అను అయిదింటిని గూర్చి ప్రజలను ప్రశ్నించి ఈ భిన్నములను నిర్ణయించు పద్ధతి విరివిగా వాడుకలో నున్నది. ఈ కొలతను విదేశములలో ‘క్వాలీ’ యందురు. మనము దీనిని ‘నిండు సంవత్సరము’ అందము.

ఒక లెక్కను ఊహించి చూతము. పాతమందుతో రోగికి 10,000 రూపాయలు ఖర్చై రెండు నిండు సంవత్సరములు లభించుననుకొందము. క్రొత్తమందుతో 60,000 రూపాయలు ఖర్చై రెండున్నర లభించుననుకొందము. అదనపు ఖర్చు 50,000 రూపాయలు. అదనపు మేలు అర సంవత్సరము. అనగా అదనముగా వచ్చిన నిండు సంవత్సరము లక్షరూపాయల ధరకు వచ్చినట్లయినది. ఇదే లక్షను క్షయరోగులకో, బాలింతలకో వెచ్చించినచో అంతకంటె ఎక్కువ నిండు సంవత్సరములు సమకూడునా యని పిదప చూడవలెను. ఇంగ్లండులోని నైస్ సంస్థ ఒక నిండు సంవత్సరమునకు 20,000 మొదలు 30,000 పౌనులవఱకు వెచ్చించుట సమంజసమను హద్దును చాలకాలము పాటించెను.

ఈ తూనిక యెంత యవసరమో తెలుపుటకు ఒక నిజమైన ఉదాహరణము కలదు. ముదిమిలో కంటి వెనుకతెఱ నడిభాగము చెడి చూపు పోవు వ్యాధి యొకటి యున్నది. దానికి లూసెంటిస్, అవాస్టిన్ అను రెండు మందులను కంటిలోనికి సూదితో ఎక్కింతురు. రెండును ఒకే కంపెనీ పుట్టించినవి. అవాస్టిన్ క్యాన్సర్ చికిత్సకై వచ్చిన మందు. దానినే చిన్న మోతాదులుగా విడదీసి కంటివైద్యులు వాడసాగిరి. అమెరికాలో 2011 నాటికి లూసెంటిస్ మోతాదు సుమారు 2,000 డాలర్లు కాగా, అవాస్టిన్ మోతాదు సుమారు 50 డాలర్లుగా నుండెను. అచటి ప్రభుత్వ నేత్రపరిశోధనాసంస్థ ధనసహాయముతో వేయిమందికి పైగా రోగులపై జరిగిన పరీక్షయొక్క ఫలితములు 2011 లో వెలువడెను. ఒకే క్రమమున వాడినప్పుడు, ఏడాది తరువాత చూపును నిలుపుటలో రెండును సమానములే యని తేలెను. ఆసుపత్రి పాలైనవారు అవాస్టిన్ పక్షమున కొంత హెచ్చుగా కనబడిరి. కాని అది ఆ మందువలననే యని రుజువు కాలేదు. విడదీయుటలో శుభ్రత తప్పినచో కన్నే పోవచ్చును గనుక ఆ జాగ్రత్తయు లెక్కలో చేరవలసినదే.

ఈశాన్య ఇంగ్లండులోని 12 ప్రభుత్వ వైద్యమండలులు తమ రోగులకు అవాస్టిన్ నిచ్చుటకు నిశ్చయింపగా, బేయర్, నోవార్టిస్ అను రెండు కంపెనీలు న్యాయస్థానమున కెక్కెను. 2018 లో ఉన్నత న్యాయస్థానము మండలుల నిర్ణయము శాసనసమ్మతమే యని తీర్పు చెప్పెను. 2020 లో అప్పీలు న్యాయస్థానమును ఆ తీర్పును స్థిరపఱచెను. మన దేశపు వ్యవస్థ తొలినాళ్లలో చేపట్టిన పరిశీలనయు కంటికి సంబంధించినదే. శుక్లములు తీసి కంటిలో అమర్చు కటకములను గూర్చి విచారించి, చిన్నగాటు పెట్టి మడవరాని సాధారణ కటకమును అమర్చు శస్త్రచికిత్సయే ఖర్చునకు మిక్కిలి తగినదని అది తేల్చెను.

అయినను త్రాసు చెప్పినదే తుదితీర్పు కారాదు. థాయిలాండునందు 2002 లో సర్వజనులకు వైద్యపథకము ప్రారంభమైనపుడు, మూత్రపిండములు చెడినవారికి చేయు రక్తశుద్ధి చికిత్స అందు చేరలేదు. ఖర్చునకు తగిన మేలు చాలదని లెక్కలు చెప్పెను. కాని ఆ వ్యాధి సోకిన కుటుంబములు ఆస్తులమ్ముకొని అప్పులపాలగుచుండెను. కావున 2008 లో ప్రభుత్వము ఆ చికిత్సను పథకమున చేర్చి, ఇంటివద్దనే కడుపులోనికి ద్రవమును పంపి చేయు విధానమునకు అగ్రస్థాన మిచ్చెను. లెక్కకంటె దయ పెద్దదైనది. కాని లెక్క ముందున్నందున, ఎంత భారమును నెత్తికెత్తుకొనుచున్నారో తెలిసియే ఎత్తుకొనిరి.

వృద్ధులు ప్రత్యేకముగా గమనింపదగిన లోపమొకటి ఈ కొలతలో కలదు. ఇరువదియేండ్లవానిని బ్రతికించిన ఏబది, అరువది నిండు సంవత్సరములు లెక్కకు వచ్చును. డెబ్బదియేండ్లవానిని బ్రతికించిన కొలదియేండ్లే వచ్చును. అంగవైకల్యముతో జీవించువాని సంవత్సరము గూడ తక్కువగా తూగును. ఇది న్యాయమా యని పెక్కురు ప్రశ్నించిరి. అమెరికాలో 2010 నాటి వైద్యశాసనము, వృద్ధుల ప్రభుత్వ బీమాయందు ఏ చికిత్సకు ధనమియ్యవలెనో నిర్ణయించుటకు ఇట్టి కొలతను హద్దుగా వాడరాదని కట్టడి చేసినది. మఱియొక భయము తూచువానిని గూర్చినది. మందునమ్మువాని యొద్ద జీతము పుచ్చుకొనువాడు త్రాసు పట్టినచో ఆ తూనికను నమ్ముటెట్లు? కావుననే నైస్ సంస్థలో కంపెనీ సమర్పించిన లెక్కలను వేఱు పండితులు పరీక్షింతురు. నిర్ణయసభలో వైద్యేతరులైన సామాన్యులును కూర్చుందురు. తీర్పుపై అప్పీలునకు అవకాశము కలదు. తూనిక పదిమంది యెదుట జరుగవలెను.

ఈ శాస్త్రము పండితులకే పరిమితమై యుండనక్కఱలేదు. క్రొత్తమందని, పెద్దమందని విని పొలము తాకట్టుపెట్టి పట్టణమునకు పరుగెత్తు కుటుంబములు ప్రతి గ్రామమునను కలవు. అట్టివారు మీ సలహా కోరివచ్చినపుడు, వైద్యుని నాలుగు ప్రశ్నలు అడుగుమని చెప్పుడు. ఈ మందు దేనికంటె మేలు? నూర్గురు వాడినచో ఎందఱికి గుణమిచ్చును, ఎంతకాలము? చికిత్స ముగియువఱకు మొత్తము ఖర్చెంత? ఇదే ఔషధము వేఱు పేరుతో తక్కువ వెలకు దొరకునా? ఇట్లడుగుట వైద్యుని శంకించుట కాదు. మంచి వైద్యుడు ఈ ప్రశ్నలకు సంతోషముతో బదులు చెప్పును. అయితే చెప్పకుండ మందు మానుట, మోతాదు తగ్గించుట ప్రమాదకరము. ఏ మాఱ్పైనను వైద్యుని సమ్మతితోనే జరుగవలెను.

ధాన్యము కొలుచునపుడు కుంచము సరియైనదా యని చూచుట మన పెద్దలకు అలవాటు. మందుల విషయమునను ఆ చూపు చాల అవసరము. ఇచట తూనిక తప్పినచో నష్టపడునది ఒక్క యిల్లు మాత్రమే కాదు. ఆ ధనము అందవలసిన మఱియొక యిల్లు గూడ నష్టపడును.