మనిషి ఒక్కడే, తీర్లు వేరు

● 1960ల మధ్యలో హార్వర్డ్ మనస్తత్వవేత్త డేవిడ్ మెక్లెలాండ్ బృందం కాకినాడ మీద ఓ ప్రయోగం చేసింది. అక్కడి వ్యాపారుల్ని హైదరాబాద్‌లోని చిన్న పరిశ్రమల శిక్షణ సంస్థకు పిలిపించి, ఏదైనా సాధించాలన్న తపన పెంచే తరగతులు పెట్టారు. పోల్చి చూడటానికి శిక్షణ లేని రాజమండ్రి వ్యాపారులు ఉండనే ఉన్నారు. తరగతులకు వెళ్లొచ్చినవాళ్లు ఎక్కువ గంటలు పనిచేశారు, కొత్త వ్యాపారాలు మొదలుపెట్టారు. కాకపోతే ఆ మార్పు ముఖ్యంగా పెత్తనం తమ చేతిలో ఉన్నవాళ్లలోనే కనిపించింది. మరి గల్లాపెట్టె తాళం నాన్నగారి మొలలో ఉంటే అబ్బాయిగారి తపన మాత్రం ఏం చేస్తుంది?

● పరీక్షలో కాపీ కొట్టే పిల్లాడు చిల్లర కూడా కొట్టేస్తాడా? అమెరికాలో హార్ట్‌షోర్న్, మే అనే ఇద్దరు వేలమంది పిల్లల్ని రకరకాలుగా పరీక్షించి 1928లో చెప్పిన జవాబు: అలా అనుకోవడానికి వీల్లేదు. ఒకచోటి మోసాన్ని బట్టి ఇంకోచోటి మోసాన్ని ఊహించలేకపోయారు.

● 1973 నాటి ప్రిన్స్‌టన్ ప్రయోగం మరీ విడ్డూరం. పాస్టర్లు కావడానికి చదువుకుంటున్న కుర్రాళ్లను పక్క భవనంలో ప్రసంగించమని పంపారు. కొందరికిచ్చిన అంశం, దారిలో దెబ్బలతో పడివున్న మనిషిని ఆదుకున్న సమరయుడి బైబిల్ కథ. సందులో ఒకతను తల వాల్చేసి దగ్గుతూ మూలుగుతున్నాడు (అతను ప్రయోగం తాలూకు మనిషే). తీరిగ్గా బయల్దేరినవాళ్లలో 63 శాతం మంది సాయం చేయబోయారు. ‘ఇప్పటికే ఆలస్యమైంది, పదండి’ అనిపించుకున్నవాళ్లలో 10 శాతమే! సమరయుడి మీద మాట్లాడటానికి వెళ్తూ సందులోని మనిషిని దాటుకుపోయిన మహానుభావులూ ఉన్నారు.

● చైనాలోని స్టార్‌బక్స్ కాఫీ షాపుల్లో దారికడ్డంగా కుర్చీలు పెట్టి చూశారు (2018). గోధుమ పండే ఉత్తరాదిన కుర్చీని పక్కకు జరిపినవాళ్లు దక్షిణాదికన్నా ఎక్కువ. వరి పండే దక్షిణాదిన ఒంటిని ఒదిగించుకుని సందులోంచి దూరిపోయినవాళ్లు ఉత్తరాదికన్నా ఎక్కువ. వరి పొలాల్లో కాలవ నీళ్లకు వంతులేసుకుని, నాట్లకు ఒకరికొకరు సాయపడుతూ బతికిన తరాల అలవాటు ఇది అంటారు పరిశోధకులు. గోదావరి జిల్లాల్లో ఇంకా ఎవరూ కుర్చీలు అడ్డం పెట్టినట్టు లేదు.

● తెలిసినవాళ్లు చేసిన మంచీ చెడుల గురించి అడిగితే చికాగో పెద్దలు ‘అతని గుణం అలాంటిది’ అని ఎక్కువగా అన్నారు. మైసూరు పెద్దలు పరిస్థితుల్నీ, సంబంధాల్నీ ఎక్కువగా చెప్పారు. ఇది జోన్ మిల్లర్ 1984లో ప్రచురించిన అధ్యయనం. ఎనిమిదేళ్ల పిల్లల జవాబుల్లో మాత్రం రెండు ఊళ్లకీ పెద్ద తేడా లేదు. ఆ తేడా పెరిగేకొద్దీ వచ్చిందే.