మీకు తెలుసా? ఆస్ట్రేలియాను ఓడించిన గోల్ ఓ డిఫెండర్‌ది!

2021 ఆగస్టు 2న టోక్యో ఒలింపిక్స్ క్వార్టర్ ఫైనల్లో ఆస్ట్రేలియాను 1-0తో ఓడించి, భారత మహిళల హాకీ జట్టు తొలిసారి ఒలింపిక్ సెమీఫైనల్‌కు చేరింది. 22వ నిమిషంలో పెనాల్టీ కార్నర్‌ను గోల్‌గా మలిచింది ఫార్వర్డ్ కాదు, అమృత్‌సర్ జిల్లాకు చెందిన డిఫెండర్ గుర్జీత్ కౌర్. ఇది అదృష్టం కాదు, నైపుణ్యం. పెనాల్టీ కార్నర్‌లో తొలి షాట్‌ను స్టిక్‌తో బలంగా కొడితే బంతి 46 సెంటీమీటర్లకు మించని ఎత్తులోనే గోల్ గీత దాటాలి. స్టిక్‌తో ఈడ్చి విసిరే డ్రాగ్ ఫ్లిక్‌కు ఆ పరిమితి లేదు. అందుకే ఆ విద్యలో ఆరితేరిన గుర్జీత్ అప్పటి జట్టుకు అంత విలువైన క్రీడాకారిణి.

గోల్స్‌తో డిఫెండర్‌ను కొలవడం సరికాదని కొందరంటారు. అది న్యాయమైన మాటే. ఆమె అసలు పని గోల్ పడకుండా చూడటం. కానీ ఆ మ్యాచ్ ఈ రెండు పనులనూ విడదీయలేమని చూపింది. గోల్ తర్వాత మిగిలిన 38 నిమిషాలూ గోల్‌కీపర్ సవిత, ఆమె ముందున్న రక్షణ శ్రేణి ఆధిక్యాన్ని కాపాడకపోతే ఆ గోల్ గెలిపించేది కాదు. సెమీస్‌లో అర్జెంటీనాపై, కాంస్య పోరులో బ్రిటన్‌పై కూడా గుర్జీత్ గోల్స్ చేసింది; అయినా జట్టు 1-2, 3-4తో ఓడింది. దాడి, రక్షణ రెండూ నిలిచినప్పుడే విజయం. ఆ రెండు బాధ్యతలనూ మోసే డిఫెండర్‌కు దక్కాల్సిన గౌరవం ఫార్వర్డ్‌లకు దక్కేదానికి ఏమాత్రం తగ్గకూడదు.