విశాఖలో పెళ్లా? అతిథులు వచ్చే వేళ ఏ మ్యూజిక్ పెట్టాలి.. రాత్రి 10 దాటితే ఏంటి సంగతి?

విశాఖలో ముహూర్తాలు చాలాసార్లు అర్ధరాత్రి దాటాకే ఉంటాయి. భోజనాలకు వచ్చే జనం మాత్రం ఏడింటి నుంచే వచ్చేస్తారు. గేటు దగ్గర మోగే పాట వినేది వాళ్లే.

అక్కడ డీజే సౌండ్ పెంచేస్తే పలకరింపులు కూడా వినపడవు. పన్నీరు చల్లే చోట సన్నాయి, డోలు చాలు. మేళం వాళ్లను ముహూర్తానికే కాదు, ఏడింటికే రమ్మని ముందే మాట్లాడుకోండి. మధ్యలో వాళ్లు రెస్ట్ తీసుకునేటప్పుడు రికార్డులు పెట్టొచ్చు. ప్రకాశం జిల్లా కరవదిలో పుట్టిన షేక్ చినమౌలానా నాదస్వరం బాగుంటుంది. లేదంటే పక్కనే విజయనగరం సంగీత కళాశాలకు ప్రిన్సిపాల్‌గా చేసిన ద్వారం వెంకటస్వామినాయుడు వయొలిన్. సినిమా పాటలే కావాలంటే లిస్ట్ మొత్తం ఒకసారి వినండి. ట్యూన్ బాగుందని విరహ గీతం పెట్టేస్తే పెద్దాళ్లు మొహం చిట్లిస్తారు!

అసలు చిక్కు టైంతోనే. 2000 నాటి శబ్ద కాలుష్య నిబంధనల ప్రకారం రాత్రి 10 నుంచి ఉదయం 6 వరకు ఆరుబయట లౌడ్ స్పీకర్లు వాడకూడదు. వాద్యాలకూ ఇదే రూల్. తలుపులు మూసిన హాల్లో, శబ్దం లోపలే ఉంటే ఓకే. అంటే గాజువాకలో ఏసీ హాల్ లెక్క వేరు, రుషికొండలో బీచ్ లాన్ లెక్క వేరు. ముహూర్తం రాత్రి ఒంటిగంటకైతే గట్టిమేళం ఎక్కడ మోగాలో అడ్వాన్స్ ఇచ్చే ముందే చూసుకోండి.

పాటలకు లైసెన్స్ ఫీజు కట్టమని ఎవరైనా అడిగారా? కాపీరైట్ చట్టం 1957లోని సెక్షన్ 52 ప్రకారం పెళ్లి ఊరేగింపుకు, పెళ్లి వేడుకలకు మినహాయింపు ఉంది. 2023 జులైలో కేంద్రం కూడా ఇదే స్పష్టం చేసింది.