స్వతంత్ర నటీమణి శ్రీమతి భానుమతి

ఒంగోలునకు తూర్పున కొత్తపట్నము కడ సముద్రము. తక్కిన దిక్కుల పొగాకు, మిరప, ప్రత్తి పండు నేలలు. 1970లో ప్రకాశం జిల్లా ఏర్పడువరకు ఈ ప్రాంతము గుంటూరు జిల్లాలోనిది. ఇక్కడి దొడ్డవరము గ్రామమున 1925 సెప్టెంబరు 7వ తేదీన జన్మించిన బాలిక దాదాపు అరువది యేండ్లు దక్షిణభారత చలనచిత్రరంగమున నిలిచినది. ఆమెయే శ్రీమతి భానుమతీ రామకృష్ణ.

తండ్రి బొమ్మరాజు వెంకటసుబ్బయ్యగారు సంగీతప్రియులు. కుమార్తెకు చిన్ననాడే శాస్త్రీయ సంగీతము నేర్పించినారు. కుటుంబస్త్రీలు సినిమాలలో నటించుటను లోకము హర్షింపని రోజులవి. నాయకపాత్రధారి తన కుమార్తెను తాకరాదను నియమము పెట్టి గాని ఆయన ఆమెను చిత్రరంగమునకు పంపలేదు.

మొదటి చిత్రము 1939 నాటి 'వరవిక్రయం'. కాళ్ళకూరి నారాయణరావుగారి నాటకమును సి. పుల్లయ్యగారు కలకత్తాలో చిత్రముగా తీసినారు. కట్నము కొరకు తండ్రి పడు బాధను చూడలేక ప్రాణము తీసికొను కాళింది పాత్ర భానుమతిది. అప్పటికామె పదునాలుగేండ్లయినను నిండని పిల్ల. వరకట్నమును నిషేధించు చట్టము వచ్చినది 1961లో. అనగా ఆ చిత్రము వెలువడిన ఇరువదిరెండేండ్లకు.

1943లో 'కృష్ణప్రేమ' చిత్రమునకు సహాయదర్శకులుగా నున్న పి. యస్. రామకృష్ణారావుగారిని ఆమె వివాహమాడినారు. ఆపై నటన మానవలెననియే ఆమె సంకల్పము. కాని 1945లో బి. ఎన్. రెడ్డిగారి 'స్వర్గసీమ' ఆమెను తిరిగి రప్పించినది. వీథినాటకములాడు సుబ్బి పట్టణము చేరి సుజాతాదేవియై ఒక సంసారమును చీల్చును. ఆనాటి నాయికలు వెనుదీయదగిన ఆ పాత్రయే ఆమెకు అపారమైన కీర్తి తెచ్చినది. 1951 నాటి 'మల్లీశ్వరి'లో ఆమె పాటయు నటనయు ఒకదానిలో నొకటి కలిసిపోయినవి. తన పాట తానే పాడుకొను నటి యగుటచే ఆ కలయిక సాధ్యమైనది.

ఇతరుల పిలుపు కొరకు ఎదురుచూచుట ఆమె స్వభావము కాదు. భర్తతో కలిసి భరణీ సంస్థను స్థాపించి 'రత్నమాల', 'లైలామజ్ను', 'విప్రనారాయణ', 'బాటసారి' మొదలగు చిత్రములు నిర్మించినారు. 1953లో 'చండీరాణి'ని తెలుగు, తమిళ, హిందీ భాషలలో తామే దర్శకత్వము వహించి తీసినారు. తెలుగు చిత్రమునకు ఒక స్త్రీ దర్శకత్వము వహించుట అదియే ప్రథమము.

ఈ స్వాతంత్ర్యమునకు ఆమె మూల్యమును చెల్లించినారు. 'మిస్సమ్మ'లో కొంత భాగము నటించిన పిమ్మట నిర్మాత చక్రపాణిగారితో అభిప్రాయభేదము వచ్చినది. ఆమె పాత్రను వదలుకొన్నారు. 1955లో విడుదలయిన ఆ చిత్రము సావిత్రిగారిని అగ్రతారగా నిలిపినది. భానుమతిగారు మాత్రము తమ దారిని మార్చుకొనలేదు.

కలము పట్టినప్పుడు ఆమె మరియొక మనిషి. 'అత్తగారి కథలు'లో కోడలు అత్తగారి ఆచారములను, అమాయకత్వమును చూచి నవ్వును. ఆ నవ్వులో ద్వేషము లేదు. అత్తాకోడండ్ర కలహము తప్ప వేరు కథ లేదనుకొను కాలమున ఇది సామాన్యమైన విషయము కాదు. స్వీయచరిత్ర 'నాలో నేను'నకు సినిమా గ్రంథములకిచ్చు జాతీయ పురస్కారము లభించినది.

1982లో పిల్లలే పాత్రధారులుగా 'భక్త ధ్రువ మార్కండేయ' తీసినారు. పిదప మద్రాసులోని ప్రభుత్వ సంగీత కళాశాలకు ప్రిన్సిపాలుగా పనిచేసినారు. 1966లో పద్మశ్రీ, 2001లో పద్మభూషణ్ వరించినవి. చివరి చిత్రము 1998 నాటి 'పెళ్ళికానుక'. 2005 డిసెంబరు 24న మద్రాసులో కన్నుమూసినారు.

కాళిందికి తన పెండ్లి విషయమున నోరు లేదు. మరణమొక్కటే ఆమె ఎంచుకొనగల్గినది. ఆ పాత్రతో అడుగిడిన బాలిక పాత్రను, పాటను, కథను, తుదకు సంస్థను కూడ తానే ఎంచుకొనగల స్త్రీగా ఎదిగినది. పాఠశాల వార్షికోత్సవములలో 'వరవిక్రయం' ఆడించు ఉపాధ్యాయులు కాళింది కథతోపాటు ఆమె పాత్రధారిణి కథను కూడ బాలికలకు చెప్పవలెను. రెండవ కథ వినక మొదటి కథ ముగియదు.