దెబ్బ తగలని గుద్దు

సినిమాలో హీరో పరుగెత్తే గుర్రం మీద నుంచి దూకితే మనం ఈలలు వేస్తాం. నిజానికి చాలాసార్లు దూకేది హీరో కాదు, ఆయనలాంటి దుస్తులు వేసుకున్న మరొకరు. వారినే ‘డూప్’ అంటాం. ఆ ప్రమాదకరమైన పనికి ఒక పద్ధతి నేర్పినవారిలో ముఖ్యుడు అమెరికాకు చెందిన యాకిమా కనట్.

ఆయన అసలు పేరు ఈనోస్ ఎడ్వర్డ్ కనట్. 1895లో వాషింగ్టన్ రాష్ట్రంలోని కోల్‌ఫాక్స్ దగ్గర పుట్టాడు. లొంగని గుర్రాల మీద స్వారీ చేసే ‘రోడియో’ పోటీల్లో ఛాంపియన్ అయ్యాడు. ఒక పత్రిక ఆయన ఫొటో కింద పొరపాటున ‘యాకిమా’ అనే ఊరి పేరు వేసింది. అది ఆయన ఊరు కాకపోయినా ఆ పేరే నిలిచిపోయింది. బదిలీ అయిన ప్రతిసారీ కొత్త స్కూల్లో పాత ఊరి పేరుతో పిలిపించుకునే మనకు ఇది కొత్తేమీ కాదు!

1920లలో ఆయన మూకీ సినిమాల్లో హీరోగా నటించాడు. అయితే అంతకుముందే జబ్బు చేసి గొంతు దెబ్బతింది. అందువల్ల టాకీలు వచ్చాక హీరో వేషాలు దొరకలేదు. అయినా ఆయన సినిమాలు వదిలిపెట్టలేదు. విలన్ పక్కన రౌడీగా చిన్న వేషాలు వేస్తూ, హీరోలకు డూప్‌గా పనిచేశాడు.

అప్పట్లో కొట్లాట సీన్లలో నటులు ఒకరి భుజాల మీద ఒకరు నిజంగానే గుద్దుకునేవారు. అయినా అది చూడటానికి సహజంగా ఉండేది కాదు. కనట్, నటుడు జాన్ వేన్ కలిసి దీనికి ఒక ఉపాయం కనిపెట్టారు. ఒక కన్ను మూసుకుని చూస్తే ముందున్న వస్తువుకూ వెనుకున్న వస్తువుకూ మధ్య ఎంత దూరముందో సరిగ్గా తెలియదు. కెమెరాకు ఉన్నది ఒకే కన్ను. దాన్ని సరైన కోణంలో పెడితే, పిడికిలి ముఖానికి కొంత దూరం నుంచి పోయినా తగిలినట్టే కనిపిస్తుంది. అదే క్షణంలో ఎదుటివాడు తల వెనక్కి విసరాలి. చప్పుడు తర్వాత కలుపుతారు.

1939లో వచ్చిన ‘స్టేజ్‌కోచ్’ సినిమాలో ఆయన పరుగెత్తే గుర్రాల మధ్య నేల మీదికి జారాడు. గుర్రాలూ బండీ ఆయన మీదుగా వెళ్ళిపోయాయి. అదే ఏడాది ‘గాన్ విత్ ద విండ్’లో దొంగగా చిన్న వేషం కూడా వేశాడు.

అన్నిసార్లూ అదృష్టం కలిసిరాలేదు. 1940లో ఒక షూటింగ్‌లో గుర్రం ఆయన మీద పడింది. తర్వాత మరో సినిమాలో రెండు కాళ్ళూ విరిగాయి. ఆయన క్రమంగా ఫైట్లు చేయడం తగ్గించి, చేయించడం మొదలుపెట్టాడు.

మామూలు రికాబులో కాలు ఇరుక్కుంటే, పడిపోయిన మనిషిని గుర్రం ఈడ్చుకుపోతుంది. కనట్ ఒక పక్క తెరిచి ఉండే రికాబు తయారుచేశాడు. దానిలోంచి కాలు సులువుగా బయటికి వస్తుంది.

‘బెన్‌హర్’ (1959)లోని రథాల పందెం ఆయన తీర్చిదిద్దినదే. హీరో చార్ల్‌టన్ హెస్టన్‌కు రథం తోలడం నేర్పాడు. హీరోకు డూప్‌గా కనట్ కొడుకు జో పనిచేశాడు. రథం ఎగిరినప్పుడు జో ముందుకు పడ్డా పట్టు వదల్లేదు. గడ్డానికి గాయంతో బయటపడ్డాడు. ఆ పందెంలో ఒకరు చనిపోయారనే మాట ఇప్పటికీ వినిపిస్తుంది, కానీ అది నిజం కాదు.

1967లో జరిగిన వేడుకలో కనట్‌కు గౌరవ ఆస్కార్ ఇచ్చారు. ఆయన సాహసానికే కాదు, తోటి స్టంట్ కళాకారులను కాపాడే సాధనాలు తయారుచేసినందుకు కూడా ఆ గౌరవం దక్కింది. 1986లో ఆయన మరణించాడు.

స్టంట్లకు ప్రత్యేకంగా ఆస్కార్ ఇవ్వాలని 2025లో నిర్ణయించారు. 2027లో విడుదలయ్యే సినిమాలతో అది మొదలవుతుంది. ఆ ప్రకటనతో పాటు చూపిన బొమ్మల్లో మన ‘ఆర్‌ఆర్‌ఆర్’ దృశ్యం కూడా ఉంది.

ధైర్యమంటే లెక్క లేకుండా దూకడం కాదు. దూకేముందు ఎక్కడ పడతామో లెక్క చూసుకోవడం. ఈసారి సినిమా అయిపోగానే లేచిపోకండి. చివర్లో పడే స్టంట్ కళాకారుల పేర్లు కూడా చదవండి.