మిక్కీ మౌస్ ఈలకీ, నిమ్మలకుంట చెక్కకీ లింకేంటి?

1928 నవంబర్ 18న న్యూయార్క్‌లో 'స్టీమ్‌బోట్ విల్లీ' పడింది. మిక్కీ ఈలకీ సౌండ్‌కీ సింక్ ఎలా కుదిరింది? ఫిల్మ్ మీద ఎగిరే బంతి గుర్తు పెట్టారు. దాన్ని చూస్తూ ఆర్కెస్ట్రా వాయించింది.

ఇప్పుడు మన ధర్మవరం దగ్గరి నిమ్మలకుంటకి రండి. తోలుబొమ్మలాటలో ఆ బంతి లేదు. బొమ్మని ఆడించే మనిషే పాడతాడు, డైలాగ్ చెప్తాడు. యుద్ధం వస్తే కాలికింద చెక్కని తొక్కుతాడు, దెబ్బ పడ్డప్పుడే 'టక్'! రీటేక్ ఉండదు.

మిక్కీ సింక్ ఫిల్మ్‌లో ఉంది, అందుకే ఇవాళ మన ఫోన్లోకి వచ్చింది. వీళ్ల సింక్ చేతుల్లో, కాళ్లలో ఉంది. 2020లో ఆ ఊరి దళవాయి చలపతిరావు గారికి పద్మశ్రీ వచ్చింది. అక్కడే ఇప్పుడు తోలుతో ల్యాంప్‌షేడ్లూ చేస్తున్నారు. బొమ్మ కొనుక్కోవచ్చు, ఆట కొనలేం. ఎక్కడైనా ఆట పడితే, అడిగి తెర వెనక్కెళ్లి రికార్డ్ చేయండి. కాళ్లు కూడా ఫ్రేమ్‌లో ఉండాలి!